తెరపై నగరాలు నిర్మించిన చిత్రకారుడు మాధవపెద్ది గోఖలే

ద్వారకా నగరం ఎలా ఉంటుందని తెలుగువారిని అడిగితే చాలామంది మనసులో మెదిలేది 1957 నాటి ‘మాయాబజార్’ చిత్రంలోని ద్వారకే. శ్రీకృష్ణుడి కిరీటం, ఘటోత్కచుడి గద, శశిరేఖ నగలు, ప్రియదర్శిని పేటిక కూడా మన ఊహలో ఆ చిత్రం దిద్దిన రూపాలతోనే నిలిచిపోయాయి. నటీనటుల పేర్లు, దర్శకుడు కె.వి.రెడ్డి పేరు అందరికీ తెలిసినవే. ఆ రూపాలను ముందుగా కాగితంపై గీసి, తర్వాత కర్రతో, గుడ్డతో, ప్లాస్టర్‌తో నిలబెట్టిన కళాదర్శకులు మాధవపెద్ది గోఖలే, కళాధర్‌ల పేర్లు మాత్రం అంతగా వినిపించవు. చిత్రకారుడిగా, కథారచయితగా, కళాదర్శకుడిగా గోఖలే సాగించిన ప్రయాణాన్ని, ఆ వృత్తి స్వరూపాన్ని వివరించే ప్రయత్నమే ఈ కథనం.

ఒక తంబురా, ఒక నగరం

ఛత్తీస్‌గఢ్‌లోని భిలాయి ఉక్కు పట్టణం, దానిని ఆనుకుని ఉన్న చరోదా రైల్వే ప్రాంతం తెలుగువారికి కొత్తవి కావు. ఉక్కు కర్మాగారంలోనూ, మార్షలింగ్ యార్డులోనూ ఉద్యోగాలకు వచ్చి స్థిరపడిన తెలుగు కుటుంబాలు ఇక్కడ ఎన్నో ఉన్నాయి. ఈ ప్రాంతానికి మహాభారతంతో ప్రత్యేకమైన అనుబంధం ఉంది. పాండవుల కథను పాడి వినిపించే పండవానీ ఛత్తీస్‌గఢ్ జానపద కళ. ఆ కళను ప్రపంచ వేదికలకు చేర్చిన తీజన్ బాయి భిలాయికి సమీపంలోని గనియారీ గ్రామంలో జన్మించారు. భిలాయి ఉక్కు కర్మాగారంలో ఉద్యోగం చేశారు. 2019లో పద్మవిభూషణ్ పురస్కారం అందుకున్నారు.

తీజన్ బాయి ప్రదర్శనలో సెట్టు ఉండదు. చేతిలోని తంబురాయే ఒక క్షణం భీముడి గద, మరుక్షణం అర్జునుడి ధనుస్సు. మిగిలినదంతా ప్రేక్షకుడు ఊహించుకుంటాడు. సినిమాకు ఆ వెసులుబాటు లేదు. కెమెరా ముందు గద ఉండాలంటే గదను తయారు చేయాలి. దాని బరువు ఎంత ఉన్నట్లు కనిపించాలి, దానిపై నగిషీ ఎలా ఉండాలి, దానిని పట్టిన చేతికి ఏ కంకణం తొడగాలి అన్న ప్రశ్నలకు చిత్రీకరణకు ముందే సమాధానాలు సిద్ధం కావాలి. ఆ సమాధానాలు చెప్పవలసినవాడు కళాదర్శకుడు.

మన ప్రాచీన నాట్యశాస్త్రం ఈ పనికి ‘ఆహార్యం’ అని పేరు పెట్టింది. ఆంగికం, వాచికం, సాత్త్వికాలతో పాటు అభినయంలో ఆహార్యం నాలుగవది. అందులో మళ్ళీ నాలుగు భాగాలున్నాయి. కొండలు, రథాలు, ఆయుధాల వంటి వాటి నమూనాలు చేయడం పుస్తం. దుస్తులు, నగలు, పూలదండలు అలంకారం. ముఖానికి, శరీరానికి రంగులు పూయడం అంగరచన. రంగస్థలంపైకి ప్రాణులను తీసుకురావడం సజీవం. నేడు కళాదర్శకత్వం, దుస్తుల రూపకల్పన, మేకప్ అని మూడు శాఖలుగా విడిపోయిన పనిని భరతుడు ఒకే గొడుగు కింద చూశాడన్నమాట. గోఖలే తరం కళాదర్శకులు పనిచేసిన తీరు కూడా దీనికి దగ్గరగానే ఉండేది.

కుంచె, కలం

గోఖలే 1917లో గుంటూరు జిల్లా బ్రాహ్మణకోడూరులో జన్మించారు. మద్రాసు ప్రభుత్వ చిత్రకళా పాఠశాలలో శిక్షణ పొందారు. ప్రసిద్ధ శిల్పి, చిత్రకారుడు దేవీప్రసాద్ రాయ్ చౌదరి ఆ పాఠశాలకు అధిపతిగా ఉన్న కాలమది. మద్రాసు మెరీనా తీరంలోని శ్రమ విజయ శిల్పం ఆయన సృష్టే. శరీర నిర్మాణాన్ని, కండరాల బిగువును, శ్రమించే మనిషి భంగిమను నిశితంగా పరిశీలించడం ఆయన కళలో ప్రధానాంశం.

గోఖలే కథకుడు కూడా. అభ్యుదయ సాహిత్యోద్యమానికి చేరువగా నిలిచి, పల్లె ప్రజల జీవితాన్ని కథలుగా మలిచారు. ‘బల్లకట్టు పాపయ్య’ కథ తెలుగు కథాభిమానులకు సుపరిచితం. పేదల బ్రతుకులను రాసిన చేయే తర్వాత రాజప్రాసాదాలను, పాతాళ గుహలను గీసింది. ఇందులో వైరుధ్యం ఉన్నట్లు తోచవచ్చు. కాని కథకుడికీ కళాదర్శకుడికీ కావలసిన గుణం ఒకటే. ఒక మనిషి ఎటువంటి ఇంట్లో ఉంటాడో, ఏ వస్తువును ఎక్కడ పెట్టుకుంటాడో, ఏ బట్ట కట్టుకుంటాడో గమనించే చూపు ఇద్దరికీ అవసరమే.

చిత్రకారులు సినిమా వైపు రావడం అప్పటికే మొదలైంది. కవి, నవలాకారుడు, చిత్రకారుడు అయిన అడివి బాపిరాజు 1930ల నాటి తెలుగు చిత్రాలకు కళాదర్శకత్వం వహించారు. 1951లో వచ్చిన బి.ఎన్.రెడ్డి ‘మల్లీశ్వరి’కి ఎ.కె.శేఖర్ విజయనగర కాలపు వాతావరణాన్ని సమకూర్చారు. ఈ వరుసలోనే గోఖలే విజయా సంస్థలో అడుగుపెట్టారు. నాగిరెడ్డి, చక్రపాణి నెలకొల్పిన ఆ సంస్థకు వాహినీ స్టూడియో నిలయమైంది. దర్శకుడు, రచయిత, ఛాయాగ్రాహకుడు, కళాదర్శకుడు ఒకే ప్రాంగణంలో నెలల తరబడి కలిసి పనిచేసే వీలు అక్కడ ఉండేది. గోఖలే, కళాధర్‌ల జంట ఆ వాతావరణంలోనే రూపుదిద్దుకుంది.

గీత నుంచి గోడ దాకా

కళాదర్శకుడి పని కథ వినడంతో మొదలవుతుంది. ప్రతి సన్నివేశం ఎక్కడ జరుగుతుంది, పగలా రాత్రా, పాత్రలు ఎటునుంచి వచ్చి ఎటు వెళతాయి అన్న వివరాలను ఆయన విడివిడిగా రాసుకుంటారు. తర్వాత స్కెచ్‌లు వేస్తారు. దర్శకుడు అంగీకరించిన స్కెచ్ నుంచి కొలతలతో కూడిన ప్లాను సిద్ధమవుతుంది. దాని ఆధారంగా వడ్రంగులు చట్రాలు బిగిస్తారు. అచ్చుపనివారు ప్లాస్టర్ ఆఫ్ పారిస్‌తో స్తంభాలు, తోరణాలు, విగ్రహాలు పోస్తారు. రంగులవారు కర్రను పాలరాయిగా, గుడ్డను కొండబండగా కనిపించేలా చేస్తారు. దీపాలు ఎక్కడ అమర్చాలి, కెమెరా ఎటు జరగాలి అన్నది తెలిసి ఉంటేనే ఏ గోడను కదిలేలా కట్టాలో, ఏ గోడను అసలు కట్టనక్కరలేదో తేలుతుంది.

దుస్తుల పని కూడా ఆ స్కెచ్ దగ్గరే మొదలవుతుంది. గోఖలే చిత్రకారుడు కావడం వల్ల పాత్రను దాని పరిసరాలతో కలిపి ఊహించగలిగారు. రాజు కూర్చునే సింహాసనం ఎంత ఎత్తు ఉండాలో తెలిసినవాడికి ఆ రాజు కిరీటం ఎంత ఎత్తు ఉండాలో కూడా తెలుస్తుంది. ఈ రెండూ ఒకదానికొకటి అతకకపోతే నటుడు ఎంత బాగా నటించినా తెరపై దృశ్యం పొసగదు.

నలుపు తెలుపు చిత్రాలలో మరొక చిక్కు ఉండేది. కంటికి పూర్తిగా వేరువేరుగా కనిపించే ఎరుపు, ఆకుపచ్చ రంగులు ఫిల్ముపై ఒకే రకమైన బూడిద రంగులో కలిసిపోవచ్చు. అలా జరిగితే చీర వెనుక ఉన్న తెరలో నాయిక కలిసిపోతుంది. అందువల్ల కళాదర్శకుడు రంగును అది కంటికి కనిపించే తీరుతో కాక, అది ఇచ్చే వెలుగునీడల పాళ్ళతో కొలవాలి. విజయా చిత్రాలకు ఛాయాగ్రాహకుడిగా మార్కస్ బార్ట్‌లీ వంటి నిపుణుడు ఉన్నప్పటికీ, ఆయన దీపం పడే గోడ, ఆ వెలుగును తిరిగి మెరిపించే నగ, దానిని మింగేసే ముదురు తెర సరిగా కుదరడం కళా విభాగం చేతిలో ఉండేది.

పాతాళం నుంచి పెరటి దాకా

1951 మార్చిలో విడుదలైన ‘పాతాళ భైరవి’ ఈ బృందం సామర్థ్యాన్ని చాటింది. తోటమాలి కొడుకు తోట రాముడి ఇల్లు, ఉజ్జయిని రాజభవనం, నేపాళ మాంత్రికుడి గుహ, పాతాళంలోని భైరవి సన్నిధి అనే నాలుగు లోకాలు ఆ కథలో ఉన్నాయి. పాత్ర నోరు తెరవకముందే తాను ఏ లోకంలో ఉన్నానో ప్రేక్షకుడికి తెలిసిపోవాలి. ఆ చిత్రంలో ఎస్.వి.రంగారావు ధరించిన మాంత్రికుడి వేషం తర్వాత అనేక జానపద చిత్రాలలో మాంత్రికులకు ఒరవడి అయింది. 1952లో జరిగిన తొలి భారత అంతర్జాతీయ చలనచిత్రోత్సవంలో ‘పాతాళ భైరవి’ ప్రదర్శితమైంది.

ఇదే బృందం సాంఘిక చిత్రాలకూ పనిచేసింది. 1955 నాటి ‘మిస్సమ్మ’, 1962 నాటి ‘గుండమ్మ కథ’ వంటి చిత్రాలలో రాజభవనాలు లేవు. పల్లెటూరి జమీందారు లోగిలి, అద్దె గది, వంటిల్లు, పెరడు వంటివే ఉన్నాయి. చూసేవారికి ఇది తేలిక పని అనిపించవచ్చు. నిజానికి పాతాళాన్ని ఎవరూ చూడలేదు కనుక దానిని ఎలా కట్టినా ఒప్పించవచ్చు. వంటింటిని మాత్రం ప్రతి ప్రేక్షకుడూ రోజూ చూస్తాడు. అక్కడ రోలు ఉన్నచోట, బిందె పెట్టిన తీరులో, గుమ్మం ఎత్తులో చిన్న పొరపాటు దొర్లినా ఇట్టే కనిపెడతాడు. ఇల్లు ఇల్లులాగే ఉందనిపించినప్పుడు దానిని కట్టినవారిని ఎవరూ గుర్తు చేసుకోరు. కళాదర్శకుడి పని ఎంత బాగా కుదిరితే అంతగా కనిపించకుండా పోతుంది.

మాయాబజార్ పరీక్ష

1957 మార్చి 27న విడుదలైన ‘మాయాబజార్’ కళా విభాగానికి రెండు పెద్ద పరీక్షలు పెట్టింది.

మొదటిది శ్రీకృష్ణుడి రూపం. అంతకుముందు 1956లో వచ్చిన ‘సొంత ఊరు’ చిత్రంలో ఎన్.టి.రామారావు కొద్దిసేపు కృష్ణుడి వేషంలో కనిపించగా ప్రేక్షకులు ఆదరించలేదు. అందువల్ల ‘మాయాబజార్’లో ఆ పాత్ర పోషించడానికి ఆయన మొదట సుముఖత చూపలేదు. దర్శకుడు కె.వి.రెడ్డి పట్టుబట్టి ఒప్పించారు. ఈసారి దుస్తులు, ఆభరణాలు, నిలబడే తీరు, నడక అన్నింటిపైనా ప్రత్యేక శ్రద్ధ తీసుకున్నారు. ప్రేక్షకులు ఒకసారి కాదన్న అదే నటుడు, అదే పాత్రలో, మారిన ఆహార్యంతో మళ్ళీ వారి ముందుకు వచ్చాడు. ఫలితం అందరికీ తెలిసినదే. ఆ తర్వాత దశాబ్దాల పాటు తెలుగువారి ఇళ్ళలో కృష్ణుడంటే రామారావు రూపమే గుర్తుకు వచ్చింది. ఒక నటుడి జీవితాన్నే మలుపు తిప్పిన ఆ వేషం వెనుక గీతలు గీసినవారు, కుట్టినవారు, నగిషీ చెక్కినవారు ఉన్నారు.

రెండవది ద్వారకా నగరం. స్టూడియో ప్రాంగణంలో నిజమైన పరిమాణంలో నగరం కట్టడం సాధ్యం కాదు. అందుకోసం సుమారు 50 అడుగుల పొడవు, 60 అడుగుల వెడల్పు గల స్థలంలో చిన్న చిన్న భవనాలతో నగరం నమూనాను నిర్మించి, వాటికి విద్యుద్దీపాలు అమర్చారు. బార్ట్‌లీ పర్యవేక్షణలో దానిని చిత్రీకరించారు. బొమ్మ ఇల్లు తెరపై మేడలా కనిపించాలంటే కిటికీల కొలతలు, దీపాల కాంతి, మెట్ల ఎత్తు అన్నీ ఒకే నిష్పత్తిలో తగ్గాలి. వాటిలో ఒక్కటి తప్పినా నగరం బొమ్మలకొలువుగా మారిపోతుంది. వడ్రంగులు, రంగులవారు, దీపాల పనివారు మొదలుకొని దాదాపు 400 మంది ఈ చిత్రానికి శ్రమించారు.

ఈ చిత్రంలో పాండవులు ఒక్కసారి కూడా తెరపై కనిపించరు. కథనంతటినీ ద్వారక, ఘటోత్కచుడి ఆశ్రమం, మాయామయమైన విడిది వంటి స్థలాలే మోస్తాయి. వస్తువులు సైతం పాత్రలవుతాయి. తెరిచినవారికి ప్రియమైనదానిని చూపే ప్రియదర్శిని, కూర్చున్నవారిని ముప్పుతిప్పలు పెట్టే గిల్పం, తల్పం, గింబళి నేటికీ పిల్లలను నవ్విస్తున్నాయి. పింగళి నాగేంద్రరావు కలం సృష్టించిన ఆ మాటలకు చూడదగిన, కదిలే, కిందపడేసే ఆకారం ఇవ్వడం కళా విభాగం వంతు అయింది.

మరొక విశేషం గమనించదగినది. ఘటోత్కచుడి అనుచరులు చినమయ, లంబు, జంబులు కథలో చేసే పని మాయా నగరాన్ని నిలబెట్టడమే. వచ్చిన అతిథులు అది నిజమని నమ్మాలి. పని పూర్తయ్యాక అది మాయమవ్వాలి. వాహినీ స్టూడియోలో గోఖలే, కళాధర్‌ల బృందం చేసినదీ సరిగ్గా ఇదే.

పేరు దక్కని పని

1954లో జాతీయ చలనచిత్ర పురస్కారాలు ప్రారంభమైనప్పుడు కళాదర్శకత్వానికి గాని, దుస్తుల రూపకల్పనకు గాని విడిగా అవార్డు లేదు. ఆ విభాగాలు తర్వాతి కాలంలో చేరాయి. ఫలితంగా 1950లలో పనిచేసిన కళాదర్శకులకు జాతీయ స్థాయిలో ఆ గుర్తింపు పొందే అవకాశమే లేకపోయింది. అయితే తెలుగు కళాదర్శకత్వం దేశం వెలుపల మెప్పు పొందింది. 1963 నాటి ‘నర్తనశాల’ చిత్రానికి టి.వి.ఎస్.శర్మ 1964లో జకార్తాలో జరిగిన ఆఫ్రో-ఆసియా చలనచిత్రోత్సవంలో ఉత్తమ కళాదర్శకుడిగా ఎంపికయ్యారు. అదే ఉత్సవంలో ఎస్.వి.రంగారావు ఉత్తమ నటుడి బహుమతి పొందారు.

తర్వాతి తరంలో పరిస్థితి మారింది. మచిలీపట్నానికి చెందిన తోట తరణి ‘నాయకన్’, ‘ఇండియన్’ చిత్రాలకు జాతీయ పురస్కారాలు అందుకున్నారు. 1983లో ‘గాంధీ’ చిత్రానికి భాను అథయ్యా దుస్తుల రూపకల్పనలో ఆస్కార్ సాధించి, ఆ బహుమతి పొందిన తొలి భారతీయురాలిగా చరిత్రకెక్కారు. సావిత్రి జీవితం ఆధారంగా 2018లో వచ్చిన ‘మహానటి’కి దుస్తుల రూపకల్పనలో జాతీయ పురస్కారం దక్కింది. ఆ చిత్రంలో ‘మాయాబజార్’ నాటి సన్నివేశాలను తిరిగి సృష్టించారు. అంటే ఆరు దశాబ్దాల తర్వాత కొత్త తరం రూపకర్తలు పాత తరం గీతలను ముందు పెట్టుకుని నేర్చుకున్నారన్నమాట.

ఏమి మిగిలింది?

సినిమా సెట్టు ఆయుష్షు చాలా చిన్నది. చిత్రీకరణ ముగియగానే దానిని విప్పేస్తారు. కర్ర మరో సెట్టుకు, గుడ్డ మరో తెరకు వెళుతుంది. దుస్తులు వేరే చిత్రంలో వేరే పాత్రకు చేరి, చివరకు చిరిగిపోతాయి. వాహినీ స్టూడియో ఉన్న వడపళని ప్రాంగణంలో నేడు ఆసుపత్రి, వ్యాపార సముదాయం కనిపిస్తాయి. 1981లో గోఖలే కన్నుమూశారు. ఆయన కట్టిన నగరాలు ఫిల్ముపైనే మిగిలాయి.

ఆ ఫిల్మును కూడా కాలం మార్చగలదు. 2010లో ‘మాయాబజార్’ను రంగులలోకి మార్చి విడుదల చేశారు. నలుపు తెలుపు ఫిల్ముపై వెలుగునీడలే ఉంటాయి తప్ప అసలు రంగుల వివరం ఉండదు. శశిరేఖ పట్టుచీర సెట్టులో ఏ రంగులో ఉండేదో ఆ ఫిల్ము చెప్పలేదు. కొత్త రంగులను కొత్తవారు నిర్ణయించాలి. కళాదర్శకుల స్కెచ్‌లు, కొలతల ప్లానులు, బట్ట ముక్కల నమూనాలు, సెట్టు ఛాయాచిత్రాలు భద్రంగా ఉంటే ఇటువంటి సందర్భంలో అవే సాక్ష్యాలవుతాయి. అందుకే పాత చిత్రాల నెగెటివ్‌లను కాపాడుకోవడంతోపాటు, ఆ చిత్రాలకు సంబంధించిన కాగితాలను కాపాడుకోవడం కూడా ముఖ్యం. పుణెలోని జాతీయ చలనచిత్ర భాండాగారం చిత్రాలతో పాటు పోస్టర్లు, ఛాయాచిత్రాలు, పాటల పుస్తకాలు వంటి సామగ్రిని కూడా సేకరిస్తుంది. పాత సినిమా కళాకారుల కుటుంబాల వద్ద, పాత పెట్టెలలో మిగిలిన కాగితాలను చిత్తు కింద పారవేయక ముందే ఇటువంటి సంస్థల దృష్టికి తేవడం మేలు.

ఈ వృత్తిలోకి రావాలంటే

గోఖలే కాలంలో చిత్రకళా పాఠశాల నుంచి నేరుగా స్టూడియోకు వెళ్ళేవారు. నేడు దారులు ఎక్కువ. పుణెలోని భారత ఫిల్మ్ అండ్ టెలివిజన్ సంస్థలో కళాదర్శకత్వం, ప్రొడక్షన్ డిజైన్‌లో ప్రత్యేక శిక్షణ ఉంది. హైదరాబాదులో జవహర్‌లాల్ నెహ్రూ ఆర్కిటెక్చర్, ఫైన్ ఆర్ట్స్ విశ్వవిద్యాలయం చిత్రకళ, శిల్పం, భవన నిర్మాణం బోధిస్తోంది. చరోదా, భిలాయి విద్యార్థులకు ఇంకా దగ్గరలో 1956లో స్థాపితమైన ఖైరాగఢ్ ఇందిరా కళా సంగీత విశ్వవిద్యాలయం ఉంది. చిత్రలేఖనం, శిల్పం, సంగీత నృత్యాలు అక్కడ ఒకేచోట నేర్చుకోవచ్చు.

శిక్షణకు ముందు కావలసినది మాత్రం మారలేదు. గీయగలిగే చేయి, కొలత తెలిసిన కన్ను, కథను వినే ఓర్పు ఉండాలి. ఉక్కు పట్టణంలో పెరిగిన పిల్లలకు ఇందులో ఒక అనుకూలత కూడా ఉంది. ప్లాను చదవడం, అచ్చు పోయడం, చట్రం బిగించడం, వెల్డింగ్ వంటి పనులు వారి ఇళ్ళలో పెద్దలు రోజూ మాట్లాడుకునే విషయాలే. నేటి భారీ సెట్ల నిర్మాణానికి ఇనుప చట్రాలే ఆధారం. కుంచె పట్టినవారికీ, కొలబద్ద పట్టినవారికీ కళా విభాగంలో చోటుంది.

తరువాతిసారి ‘మాయాబజార్’ చూసేటప్పుడు ప్రారంభంలో వచ్చే పేర్ల పట్టికను దాటవేయకుండా చదవండి. నటీనటుల పేర్లతో పాటు కళాదర్శకుల పేర్లు కూడా అక్కడ కనిపిస్తాయి. ఆ తర్వాత దీపాలతో వెలిగే ద్వారకను, కృష్ణుడి తలపై కిరీటాన్ని, అతిథులను బెంబేలెత్తించే తల్పాన్ని చూసినప్పుడు, వాటిని ఎవరు చేశారో ఇంట్లోని పిల్లలకు చెప్పవచ్చు.